సీరియల్ కథ ఎవరిది? రోజూ రాసే రచయితకు కెరీర్ ఎందుకు నిలబడదు

క్లుప్తంగా

తెలుగు డైలీ సీరియల్ ఒక ఏడాదిలో నింపాల్సిన నిడివి నలభైకి పైగా సినిమాలతో సమానం. అయినా పదేళ్లు రాసిన తర్వాత కూడా రచయిత చేతిలో పేరు, హక్కు, మళ్లీ మళ్లీ వచ్చే ఆదాయం మిగలడం అరుదు. దీనికి ప్రధానంగా రెండు కారణాలు కనిపిస్తాయి. కథ ఎప్పుడు ముగుస్తుందో రచయితకు ముందుగా తెలియదు. రాసిన కథ మీద హక్కు రచయిత దగ్గర ఉండదు. సాగదీత, రీమేకులు, పేమెంట్ గొడవలు, చివరికి కృత్రిమ మేధ భయం కూడా ఈ రెండింటి చుట్టూనే తిరుగుతాయి.

సాయంత్రం దాటాక తెలుగు ఇళ్లలో టీవీ ముందు తరచుగా వినిపించే మాటలు రెండు. ఒకటి, "ఇవాళైనా నిజం బయటపడుతుందా?" రెండు, "అసలు ఈ సీరియల్ రాసేదెవరు?" మొదటిదానికి జవాబు ప్రోమోలో దొరుకుతుంది. రెండోదానికి దొరకడం కష్టం. హీరోయిన్ పేరు, విలన్ పేరు, అత్తగారి చీరలు అన్నీ జనానికి గుర్తుంటాయి. రాసినవారి పేరు మాత్రం రోజూ సీరియల్ చూసేవాళ్లు కూడా చెప్పలేరు.

‘కార్తీక దీపం’ 2017 అక్టోబరు నుంచి 2023 జనవరి వరకు 1569 ఎపిసోడ్లు నడిచింది. ఎపిసోడ్‌కి 22 నిమిషాలు అనుకుంటే దాదాపు 575 గంటలు. రెండున్నర గంటల సినిమాల లెక్కలో చెప్పాలంటే 230 సినిమాలు. సినిమా రచయితల గురించి ఇంటర్వ్యూలు వస్తాయి, పుస్తకాలు వస్తాయి. ఇంత పెద్ద మొత్తంలో జరుగుతున్న సీరియల్ రచన గురించి మాత్రం తిట్లు తప్ప వివరణ తక్కువ.

13 వారాల నుంచి 1300 ఎపిసోడ్లకు

హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం 1977లో మొదలైంది. ఎనభైల్లో, తొంభైల తొలి సగంలో దూరదర్శన్ సీరియల్ అంటే ఎక్కువగా వారానికి ఒకటి, మొత్తం 13 ఎపిసోడ్లు. చాలావరకు నవలలే ఆధారం. ఆ రోజుల్లో స్క్రిప్టు మొత్తం ముందే సిద్ధం కావాలి, అనుమతి పొందాలి, ఆ తర్వాతే షూటింగ్. అది నెమ్మదైన పద్ధతే. పక్షపాతాలు, సిఫారసులు దానికీ తప్పలేదు. కానీ పదమూడో వారం ఏం జరుగుతుందో మొదటి వారం రాస్తున్నప్పుడే రచయితకు తెలుసు. ఆ ఒక్క సంగతి రచన మొత్తాన్నీ నిలబెట్టేది.

దీర్ఘకాలపు సీరియల్‌కి దేశంలో దారి వేసింది హిందీ ‘హమ్ లోగ్’. 1984 జులైలో మొదలై పదిహేడు నెలలు నడిచిన ఆ సీరియల్ రచయిత మనోహర్ శ్యామ్ జోషి. అప్పటికే ఆయన హిందీలో పేరున్న నవలాకారుడు, వారపత్రికకు సంపాదకుడు. మెక్సికోలో సామాజిక సందేశాన్ని కుటుంబ కథలో కలిపి చెప్పిన సీరియళ్లను చూసి దూరదర్శన్ ఆ నమూనా ఎంచుకుంది. మొదట్లో కుటుంబ నియంత్రణ పాఠం ఎక్కువైందని జనం మొహం చాటేస్తే ఆ పాఠం తగ్గించారు. తర్వాత ఉత్తరాలు వెల్లువెత్తాయి, నాలుగు లక్షలు దాటాయి. ప్రేక్షకుల మాట విని కథ మార్చడం ఇవాళ పుట్టిన అలవాటు కాదని దీన్నిబట్టి తెలుస్తుంది. తేడా ఏమిటంటే, అప్పుడు ఆ మాట ఉత్తరం రూపంలో వచ్చేది. పాత్ర గురించి, దాని కష్టం గురించి, తమ ఇంట్లో జరిగినదాని గురించి జనం రాసేవారు. ఇప్పుడు వచ్చేది అంకె.

1995లో జెమినీ, ఈటీవీ మొదలయ్యాక తెలుగులో వారపు సీరియల్ స్థానాన్ని డైలీ సీరియల్ ఆక్రమించింది. తొలి తెలుగు డైలీ సీరియళ్లలో ఒకటిగా చెప్పుకునే ‘ఋతురాగాలు’కు దర్శకత్వం వహించిన మంజులా నాయుడే తర్వాత ‘చక్రవాకం’, ‘మొగలి రేకులు’ తీశారు. 2008 నుంచి 2013 వరకు నడిచిన ‘మొగలి రేకులు’ 1368 ఎపిసోడ్లకు చేరింది. ఆ దశలో సీరియల్ అంటే దర్శకురాలి పేరు గుర్తొచ్చేది, ఆమె సీరియల్ అని జనం చెప్పుకునేవారు. తర్వాతి కాలంలో ఆ గుర్తింపు కూడా ఛానెల్‌కి, స్లాట్‌కి మారిపోయింది. "ఏడున్నర సీరియల్" అంటే చాలు, అందరికీ అర్థమవుతుంది.

ఒక ఎపిసోడ్, మూడు చేతులు

సీరియల్ టైటిల్స్‌లో కథ, స్క్రీన్‌ప్లే, మాటలు అని మూడు పేర్లు విడివిడిగా కనిపిస్తాయి. చాలామంది ఇది మర్యాద కోసం వేసే విభజన అనుకుంటారు. నిజానికి పని కూడా అలాగే విడిపోయి ఉంటుంది. కథ రాసేవారు రాబోయే వారాల్లో పాత్రలు ఎటు వెళ్లాలో చెబుతారు. స్క్రీన్‌ప్లే రాసేవారు దాన్ని ఎపిసోడ్లుగా, సీన్లుగా కోస్తారు. ఒక్కో సీన్‌లో ఏం జరుగుతుందో ఒకటి రెండు వాక్యాల్లో రాసే ఈ పట్టీనే వన్‌లైన్ అంటారు. మాటల రచయిత ఆ వన్‌లైన్ తీసుకుని డైలాగులు నింపి సీన్ పేపర్ తయారు చేస్తారు. షూటింగ్ స్పాట్‌లో నటుల చేతికి అందేది ఆ సీన్ పేపరే.

ముగ్గురి పైనా నిర్మాణ సంస్థ ఉంటుంది, దానిపైన సీరియళ్లు చూసుకునే ఛానెల్ ఫిక్షన్ విభాగం. వన్‌లైన్ ఛానెల్ ఆమోదం పొందాకే మాటలకు వెళ్లడం మామూలు పద్ధతి. "ఈ సీన్‌లో కోడలు మరీ ఎదురు చెబుతోంది, తగ్గించండి", "ఈ వారం పండగ ఉంది, పూజ సీక్వెన్స్ పెట్టండి" లాంటి మార్పులు అక్కడి నుంచే వస్తాయి. వన్‌లైన్ రాసినవారు మాటలు రాయరు, మాటలు రాసినవారికి కథ మీద మాట చెల్లదు. ఏ ఒక్కరినైనా మార్చినా సీరియల్ ఆగదు. నిర్మాణానికి ఇది భద్రత. రచయిత బేరం చేసే బలం మాత్రం సరిగ్గా ఇక్కడే పోతుంది.

ఇంకో చిక్కు కూడా ఉంది. వారానికి ఆరు ఎపిసోడ్లు, ఏడాదికి 310 దాకా. 22 నిమిషాల లెక్కన 113 గంటలకు పైమాటే. ఒక మనిషి రెండు సీరియళ్లకు మాటలు ఒప్పుకుంటే కొన్ని ఎపిసోడ్లు సహాయకులు రాయక తప్పదు. వీళ్లను ఇండస్ట్రీలో ఘోస్ట్ రైటర్లు అంటారు. రంగంలోకి వచ్చే కొత్తవారిలో చాలామందికి దారి ఇదే. డబ్బు చేతికిస్తారు, పేరు తెర మీద పడదు. రెండు మూడేళ్లు ఇలా రాసిన తర్వాత మరో సంస్థ దగ్గరికి వెళ్లి "ఆ సీరియల్ రాసింది నేనే" అంటే చూపించడానికి కాగితం ముక్క ఉండదు. వృత్తిలో ఎదగాలంటే చేసిన పనికి గుర్తు ఉండాలి. ఆ గుర్తే లేని చోట నుంచి కెరీర్ మొదలవుతోంది.

హాల్లో అందరూ ఎందుకు నిలబడి ఉంటారు

సీరియల్ మీద వచ్చే విమర్శల్లో సాగదీతది మొదటి స్థానం. ఇంటిల్లిపాదీ హాల్లో నిలబడి ఒకరి మొహం ఒకరు చూసుకోవడం, ఒక మాటకు ఆరు రియాక్షన్ షాట్లు పడటం రచయిత చేతగానితనంగా లెక్కలోకి వస్తుంది. అసలు కారణాలు వెతికితే చాలావరకు లెక్కల పుస్తకంలో దొరుకుతాయి.

నటీనటులకు పారితోషికం రోజు లెక్కన ఉంటుంది. అత్త పాత్రధారి నెలకు కొన్ని రోజుల కాల్షీటే ఇస్తారు, ఎందుకంటే ఆమె అదే నెలలో ఇంకో సీరియల్ చేస్తుంటారు. ఆమె వచ్చిన రోజున ఆమె సీన్లన్నీ తీసేయాలి. లైటింగ్ మార్చే సమయం కలిసి రావాలంటే హాల్ సీన్లన్నీ ఒక పూట, బెడ్‌రూమ్ సీన్లన్నీ ఇంకో పూట తీయాలి. ఆరుగురు నటులు సెట్‌లో ఉన్నప్పుడు ఇద్దరితో సీన్ రాస్తే మిగతా నలుగురి రోజు వృథా. అందుకే ఆరుగురూ హాల్లోకి వస్తారు. అందరూ వచ్చాక అందరికీ మాటలు రాసే నిడివి ఉండదు, చూపులు మిగులుతాయి.

ఒక ఉదాహరణ దగ్గరగా చూస్తే విషయం తేలిగ్గా అర్థమవుతుంది. రేపటి వన్‌లైన్ ఇలా ఉందనుకుందాం: "కోడలికి బీరువాలో పాత ఉత్తరం దొరుకుతుంది. అత్త చూస్తుంది. నిజం బయటపడుతుంది." రాత్రి తొమ్మిదింటికి ప్రొడక్షన్ మేనేజర్ ఫోన్ చేసి రేపు అత్త పాత్రధారి రావడం లేదని చెబుతారు. బీరువా సీన్ ఆపలేరు, ఆ గది సెట్ ప్లాన్ అయిపోయింది. అత్త లేకుండా నిజం బయటపడదు. రచయిత ముందున్న దారి ఒక్కటే. కోడలు బీరువా తెరుస్తుంది, ఉత్తరం చేతికి తగులుతుంది, అంతలో ఫోన్ మోగుతుంది. ఉత్తరం చీరల మడతల్లోకి తిరిగి వెళ్లిపోతుంది. "అత్తయ్య గుడికి వెళ్లారు, వచ్చాక అడగాలి" అనే ఒక్క మాటతో కథ నిలబడుతుంది. అత్త పాత్రధారి నాలుగు రోజుల తర్వాత వస్తారు. ఈ నాలుగు రోజులూ ఉత్తరం బీరువాలో ఉంటుంది, ప్రేక్షకులు రచయితను తిడుతుంటారు.

రాత్రి పదకొండుకి ఆ మార్పు రాసి, ఉదయం ఏడు గంటల షిఫ్టుకి సీన్ పేపర్ వాట్సాప్‌లో పంపడం మామూలు ఉద్యోగాల్లో ఊహించలేని టెన్షన్. పైగా ఆ సీన్ కథలో ఎక్కడా తేడా రాకుండా అతకాలి. నిన్నటి ఎపిసోడ్‌లో కోడలు ఉపవాసం అయితే ఇవాళ కాఫీ తాగకూడదు. వంద ఎపిసోడ్ల కింద మామగారికి షుగర్ అని చెప్పి ఉంటే ఇప్పుడు లడ్డూ తినకూడదు. ఇదంతా ఒక నైపుణ్యం. దీన్ని నైపుణ్యంగా గుర్తించకపోవడం ఈ వృత్తికి జరుగుతున్న పెద్ద అన్యాయం.

మిగతా సాగదీతకు ప్రసార నియమాలు, అలవాట్లు కారణం. గంటకు 12 నిమిషాల వరకు ప్రకటనలు, సొంత ప్రోమోలు వేయవచ్చన్నది కేబుల్ టీవీ నిబంధన. అరగంట స్లాట్‌లో ఆరు నిమిషాలు అలా పోతే, టైటిల్స్, నిన్నటి కథ, రేపటి ప్రోమో తీసేశాక కథకు మిగిలేది ఇరవై నిమిషాల చుట్టుపక్కల. ప్రతి బ్రేక్‌కి ముందు ఒక ఉత్కంఠ, చివర దృశ్యం ఉత్కంఠ దగ్గర ఆగిపోయే ఒక ఫ్రీజ్ కావాలి. మధ్యలో కూర వండుతూ చూసేవారికి, రెండు రోజులు ఊరెళ్లి వచ్చినవారికి కూడా కథ అందాలి కాబట్టి చెప్పిందే మళ్లీ చెప్పాలి.

గురువారం వచ్చే అంకె

టీవీ వీక్షణను కొలిచే బార్క్ సంస్థ 2015 నుంచి పనిచేస్తోంది. దేశంలో 50 వేలకు పైగా ఇళ్లలో పెట్టిన మీటర్ల ఆధారంగా లెక్క కడుతుంది. శనివారం నుంచి శుక్రవారం వరకు ఒక వారంగా తీసుకుని తర్వాతి గురువారం వివరాలు ఇస్తుంది. జనం వాడుకలో ఇప్పటికీ దీని పేరు టీఆర్పీనే.

గురువారం అంకె వచ్చేటప్పటికి అది ఏ ఎపిసోడ్లకు సంబంధించిందో ఆ ఎపిసోడ్లు పాతబడిపోతాయి. తర్వాతి వారం ఎపిసోడ్లు షూటింగ్ అయిపోయి ఉంటాయి. అయినా అంకె పడిపోతే ఆ మధ్యాహ్నమే మీటింగ్. ట్రాక్ మార్చాలంటారు. విడాకుల కథ నడుస్తుంటే ఆపి పాత ప్రేయసిని దించుతారు, గతం మరిచిపోవడం, పోలికలున్న మనిషి రావడం, లేదా ఒకేసారి ఐదేళ్లు ముందుకు దూకే లీప్. ఆరు నెలలుగా ఒక పాత్రను ఓపికగా మలుచుకుంటూ వచ్చిన రచయిత రెండు రోజుల్లో ఆ పాత్ర స్వభావాన్నే తిరగరాయాలి. అంకె బాగా పెరిగితే పరిస్థితి మెరుగేమీ కాదు. ముగింపుకు వచ్చిన కథను ఇంకో ఏడాది నడపమంటారు. ఓడినా గెలిచినా ముగింపు రచయిత చేతిలో ఉండదు. మన సీరియళ్లకు ముగింపులు ఎందుకు అంత హడావుడిగా ఉంటాయో దీంతో తెలుస్తుంది. స్లాట్ కొత్త సీరియల్‌కి ఇచ్చారని తెలిశాక, ఏళ్ల తరబడి పేరుకున్న ముడులన్నీ కొద్ది రోజుల్లో విప్పాల్సి వస్తుంది.

కోల్‌కతా కథ, తెలుగు మాట

రచయిత కెరీర్‌ను గత పదేళ్లలో బాగా మార్చినవి రీమేకులు. దీనికి స్పష్టమైన ఉదాహరణ బెంగాలీ ‘శ్రీమొయీ’. 2019లో స్టార్ జల్సా ఛానెల్లో మొదలైంది. రాసింది లీనా గంగోపాధ్యాయ్. ఇంటిల్లిపాదికీ చాకిరీ చేస్తూ గుర్తింపు లేకుండా ఉన్న నడివయసు గృహిణి, భర్తకు వేరే స్త్రీతో సంబంధం ఉందని తెలిశాక తన కాళ్ల మీద నిలబడే కథ. అదే హిందీలో ‘అనుపమా’, తమిళంలో ‘బాకియలక్ష్మి’, మరాఠీలో ‘ఆయీ కుఠే కాయ్ కర్తే’, మలయాళంలో ‘కుటుంబవిళక్కు’, తెలుగులో ‘ఇంటింటి గృహలక్ష్మి’ అయ్యింది. ‘కార్తీక దీపం’ మూలం కూడా మలయాళ ‘కరుత్తముత్తు’.

ఒకే నెట్‌వర్క్‌కి అన్ని భాషల్లో ఛానెళ్లు ఉన్నప్పుడు, ఒక చోట గెలిచిన కథను మిగతా చోట్లకు తీసుకెళ్లడం వ్యాపారపరంగా తెలివైన పనే. కొత్త కథకు ఉండే ప్రమాదం తగ్గుతుంది. కానీ తెలుగు కథా రచయితకు దీనివల్ల తలుపు మూసుకుంటుంది. కథ కోల్‌కతా నుంచో కొచ్చి నుంచో వస్తే ఇక్కడ కావాల్సింది స్క్రీన్‌ప్లే సర్దేవారు, మాటలు రాసేవారు. కథ పుట్టించే పని పోయి కథను ఇముడ్చుకునే పని మిగులుతుంది.

ఈ రెండో పని చిన్నదేమీ కాదు. తెలుగు ఇంట్లో సంబంధం పిలుపులోనే ఉంటుంది. పాతికేళ్లుగా భర్తను "ఏమండీ" అని పిలిచిన ఇల్లాలు, నిజం తెలిసిన మర్నాడు ఏమని పిలవాలి? పేరు పెట్టి పిలిస్తే తెగింపు. "గారు" చేర్చి పిలిస్తే దూరం. ఏ పిలుపూ లేకుండా "కాఫీ అక్కడ పెట్టాను" అంటే, అది రెండిటికంటే ఎక్కువ కోస్తుంది. ఈ మూడింటిలో ఏది రాయాలన్నది మూలంలో దొరకదు. తెలుగు ఇళ్లు తెలిసిన మాటల రచయితే తేల్చాలి. అత్తగారు కోడలిని "నువ్వు" అంటూనే అందరి ముందు ఒక్కసారి "మీ ఇష్టం అమ్మా" అంటే ఆ బహువచనంలో ఎంత కోపం ఉందో మనకు తెలుసు. ఇంకో భాషలో అది అలా కుదరదు. రీమేక్ మాటల రచయితలు చేస్తున్న ఈ పని మీద సమీక్షలు పెద్దగా కనిపించకపోవడం విచారకరం.

రీమేకుల కంటే ముందు డబ్బింగ్ సీరియళ్లు వచ్చాయి. హిందీ ‘బాలికా వధు’ తెలుగులో ‘చిన్నారి పెళ్లికూతురు’గా పెద్ద హిట్. అప్పట్లో డబ్బింగ్ సీరియళ్ల మీద తెలుగు టీవీ నటులు, సాంకేతిక నిపుణులు ఆందోళనకు దిగారు. డబ్బింగ్‌లో షూటింగే ఉండదు కాబట్టి అందరి పనీ పోతుంది. రీమేక్‌లో నటులకు, కెమెరావారికి పని దొరుకుతుంది కాబట్టి వాళ్ల వైపు నుంచి ఆ స్థాయి వ్యతిరేకత లేదు. నష్టపోయేది కథ రాసేవారు మాత్రమే, వాళ్ల సంఖ్య తక్కువ, గొంతూ తక్కువే.

బెంగాల్ ఉదాహరణలో గమనించాల్సిన సంగతి ఇంకొకటి ఉంది. లీనా గంగోపాధ్యాయ్ రచయిత్రి మాత్రమే కాదు, ‘శ్రీమొయీ’ నిర్మించిన మ్యాజిక్ మూమెంట్స్ సంస్థలో భాగస్వామి కూడా. కథ చెప్పేవారే నిర్మాణంలో కూర్చున్నప్పుడు కథ ఎటు వెళ్లాలన్న విషయంలో వారి మాటకు విలువ ఉంటుంది, టైటిల్స్‌లో పేరు చిన్నదవదు. అందుకే బెంగాలీ ప్రేక్షకులు సీరియల్‌ని రచయిత్రి పేరుతో గుర్తుపడతారు. తెలుగులో దీనికి దగ్గరగా వచ్చినవి దర్శకులే సర్వం చూసుకున్న పాత సీరియళ్లు.

ఎపిసోడ్ లెక్కన బతుకు

రచయితకు చెల్లింపు ఎక్కువగా ఎపిసోడ్ లెక్కన ఉంటుంది. ఎపిసోడ్ ఉంటే డబ్బు, లేకపోతే లేదు. సెలవు జీతం, పీఎఫ్ లాంటివి ఈ ఏర్పాటులోకి రావు. పేమెంట్ ఆలస్యం వేరే సమస్య. ముంబై హిందీ టీవీలో పని చేసిన 90 రోజులకు డబ్బు ఇచ్చే అలవాటు మీద నటుల, రచయితల సంఘాలు ఏళ్లుగా అభ్యంతరం చెబుతున్నాయి.

2020 మార్చిలో షూటింగులు ఆగిపోయినప్పుడు ఈ ఏర్పాటు ఎంత పల్చనిదో బయటపడింది. ముందే తీసి దాచుకున్న ఎపిసోడ్లను బ్యాంక్ అంటారు. డైలీ సీరియల్‌కి అది కొద్ది రోజులకు మించి ఉండదు. బ్యాంక్ అయిపోగానే ఛానెళ్లు పాత సీరియళ్లు మళ్లీ వేశాయి. మార్చి 28 నుంచి దూరదర్శన్ ‘రామాయణ్’ వేస్తే దేశమంతా చూసింది. పాత కంటెంట్‌కి అంత విలువ ఉందని ఆ నెలల్లో అందరికీ తెలిసింది. అయితే మన టీవీలో పునఃప్రసారానికి రచయితకు విడిగా డబ్బు ఇచ్చే పద్ధతి సాధారణంగా లేదు. హైదరాబాద్ కృష్ణానగర్‌లోనో యూసఫ్‌గూడలోనో అద్దె ఇంట్లో ఉండే మాటల రచయిత, తాను రాసిన సీరియలే మళ్లీ ప్రసారమవుతుంటే చూస్తూ అద్దెకు అప్పు వెతుక్కోవాల్సిన పరిస్థితి అది.

చట్టంలో ఉన్నది, కాంట్రాక్టులో లేనిది

కాపీరైట్ చట్టానికి 2012లో చేసిన సవరణ రచయితల వైపు నిలబడింది. సినిమాలో వాడిన సాహిత్య రచనకు, థియేటర్ ప్రదర్శన మినహా మిగతా వినియోగాల నుంచి వచ్చే రాయల్టీలో సమాన వాటా పొందే హక్కును రచయిత వదులుకోలేడని ఆ సవరణ చెబుతుంది. కాంట్రాక్టులో రాసిచ్చినా అది చెల్లదు. చట్టం దృష్టిలో సినిమా అంటే దృశ్య రికార్డింగ్ కాబట్టి సీరియల్ కూడా ఆ పరిధిలోకే వస్తుంది.

మరి డబ్బు ఎందుకు రాదు? హక్కు వ్యక్తికి ఉన్నా వసూలు చేసే వ్యవస్థ కావాలి. పాటల రచయితలకు, స్వరకర్తలకు రాయల్టీ వసూలు చేసే ఐపీఆర్ఎస్ అనే సంస్థ ఉంది. టీవీలో, రేడియోలో, హోటల్లో పాట మోగితే ఆ సంస్థ లెక్క కట్టి పంచుతుంది. స్క్రిప్టు రాసేవారి విషయంలో అలాంటి వసూలు ఇంకా వేళ్లూనుకోలేదు. ఎపిసోడ్ లెక్కన పని చేసే మనిషి ఒంటరిగా వెళ్లి ఛానెల్‌ని రాయల్టీ అడిగితే వచ్చే వారం ఎపిసోడ్ ఇంకొకరికి వెళ్తుందన్న భయం ఉంటుంది. చట్టం హక్కు ఇచ్చింది, ఆ భయాన్ని మాత్రం తీయలేకపోయింది.

ముగింపు తెలిసిన చోట్ల

జపాన్‌లో ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే ఉదయపు సీరియల్ ‘ఓషిన్’ 1983 ఏప్రిల్ నుంచి ఏడాది నడిచింది. ఒక్కోటి 15 నిమిషాల చొప్పున 297 ఎపిసోడ్లు. అన్నీ రాసింది సుగాకో హషిదా ఒక్కరే. నిడివి మొత్తం 74 గంటలు. మన డైలీ సీరియల్ ఏడాది నిడివితో పోలిస్తే ఇది మూడింట రెండు వంతులు, అంటే పని భారం మరీ తక్కువేం కాదు. కానీ మొదలయ్యే తేదీ, ముగిసే తేదీ ముందే ఖాయం. ఒక స్త్రీ జీవితాన్ని బాల్యం నుంచి ముసలితనం దాకా ఆమె ప్లాన్ చేసుకోగలిగింది అందుకే. కొరియాలో పదహారు ఎపిసోడ్ల డ్రామాను సాధారణంగా ఒక రచయితే మొత్తం రాస్తారు. కిమ్ ఉన్-సుక్ లాంటివారి పేరు చూసి ప్రేక్షకులు సీరియల్ ఎంచుకుంటారు.

అమెరికాలో పద్ధతి వేరు. అక్కడ రచయితలు గదిలో గుంపుగా కూర్చుని రాస్తారు, కానీ గుంపులో మెట్లు ఉంటాయి. స్టాఫ్ రైటర్‌గా చేరి, స్టోరీ ఎడిటర్ అయి, ప్రొడ్యూసర్ హోదాల మీదుగా సీరియల్ మొత్తాన్ని నడిపే షోరన్నర్ దాకా వెళ్లవచ్చు. పునఃప్రసారానికి రెసిడ్యువల్స్ పేరుతో డబ్బు వస్తుంది. ఓటీటీలు వచ్చాక ఎపిసోడ్లు తగ్గాయి, గదులు చిన్నవయ్యాయి, రెసిడ్యువల్స్ పడిపోయాయి. ఫలితంగా 2023 మే 2 నుంచి రచయితల సంఘం 148 రోజులు సమ్మె చేసింది. కుదిరిన ఒప్పందంలో సిరీస్ నిడివిని బట్టి కనీసం ఎంతమంది రచయితలుండాలో రాసుకున్నారు. కృత్రిమ మేధ తయారు చేసినదాన్ని రచనగా లెక్కించకూడదని, దానికి క్రెడిట్ ఇవ్వకూడదని కూడా చేర్చారు. ఆ సమ్మె సాధ్యమైందంటే సంఘం ఒప్పందం లేకుండా పెద్ద స్టూడియోలు రచయితలను తీసుకునే వీలు లేదు కాబట్టి. హైదరాబాద్‌లో తెలుగు సినీ రచయితల సంఘం ఉంది, ముంబైలో స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్ ఉంది. కానీ ఛానెళ్లన్నిటితో కలిపి కుదుర్చుకున్న అలాంటి కట్టుబడి ఒప్పందం మన దగ్గర లేదు.

ఇక ముందు ఏం మారవచ్చు

టీవీ నుంచి సినిమాకు వెళ్లడం తెలుగులో పాత దారే. ఎస్.ఎస్. రాజమౌళి కూడా ఈటీవీ సీరియళ్లతోనే మొదలుపెట్టారు. అయితే ఆ దారి దర్శకులకు తెరుచుకున్నంతగా మాటల రచయితలకు తెరుచుకోలేదు. ఓటీటీ వచ్చాక మార్పు వస్తుందని ఆశపడ్డారు. కొంత వచ్చింది కూడా. ఆరు నుంచి పది ఎపిసోడ్ల సిరీస్‌లో ముగింపు ముందే తెలుసు, స్క్రిప్టు మొత్తం పూర్తయ్యాకే షూటింగ్. కానీ తెలుగులో ఓటీటీ ఎక్కువగా రచయిత-దర్శకుడిని కోరుకుంటోంది. ఈటీవీ విన్‌లో 2024 జనవరిలో వచ్చిన ‘90’స్’ సిరీస్‌ని ఆదిత్య హాసన్ రాసి, తానే తీశారు. రాయడం మాత్రమే తెలిసినవారికి అక్కడ చోటు ఇంకా సన్నగానే ఉంది.

ఫోన్‌లో నిలువుగా చూసే ఒకటి రెండు నిమిషాల మైక్రో డ్రామాలు ఇంకో కొత్త పని. అక్కడ ప్రతి నిమిషానికీ ఒక ఫ్రీజ్ కావాలి. డైలీ సీరియల్ రాసినవారికి ఈ విద్య అలవాటే. చెల్లింపు పద్ధతి మాత్రం పాతదే, రాసిన మేరకు ఒకసారి డబ్బు, అంతటితో సరి.

కృత్రిమ మేధ విషయంలో ప్రమాదం సూత్రబద్ధమైన రాత ఎక్కువగా ఉన్న చోట ముందు కనిపిస్తుంది. నిన్నటి కథ చెప్పడం, ఒకే రకం గొడవకు పది డైలాగులు రాయడం, మూలం నుంచి వన్‌లైన్‌ని తెలుగులోకి దించడం లాంటివి. ఇవన్నీ ఇప్పుడు సహాయకులు చేస్తున్న పనులు. అవి పోతే ఆదాయంతోపాటు రంగంలోకి వచ్చే తలుపు కూడా పోతుంది, ఎందుకంటే నేర్చుకునేది ఆ మెట్టు మీదే. "ఏమండీ" అన్న పిలుపు ఎక్కడ ఆపాలో తెలిసిన రచయిత ఒక్క రోజులో తయారుకారు. పదేళ్ల తర్వాత అలాంటి రచయిత కావాలంటే ఇవాళ ఎవరో ఒకరికి నిన్నటి కథ రాసే పని ఇవ్వాలి.

ఛానెళ్లు మారేవరకు ఆగకుండా రచయితలు చూసుకోగలిగిన అంశం ఒకటి చట్టంలోనే ఉంది. కాపీరైట్ రాసిచ్చేటప్పుడు ఎంత కాలానికో చెప్పకపోతే అది ఐదేళ్లకే పరిమితం. ఏ ప్రాంతానికో చెప్పకపోతే భారతదేశానికే పరిమితం. కాంట్రాక్టులో "శాశ్వతంగా, ప్రపంచమంతటా, అన్ని భాషల్లో" అన్న మాటలు అందుకే కనిపిస్తాయి. ఎపిసోడ్ రేటు గురించి పది నిమిషాలు బేరమాడే రచయిత, ఈ మూడు మాటల గురించి రెండు నిమిషాలు అడగగలిగితే, రీమేక్‌కి వేరే చెల్లింపు, టైటిల్స్‌లో పేరు అనే రెండు షరతులు కాగితం మీదకు వచ్చే వీలుంది. పేరున్న కొద్దిమంది ముందుగా అడిగితేనే ఘోస్ట్‌గా రాస్తున్నవారి వంతు వస్తుంది.